ఎండుచేపల కుండలో గంట నాలుక

మా వంటింటి అటక మీద పాత చీర ముక్కలో చుట్టిన ఇనప కడ్డీ ఒకటుంది. మూరెడు పొడవు, కింద నిమ్మకాయంత గుండు, పైన కొక్కెం. చింతపండు పెట్టి ఎన్నిసార్లు తోమినా, రోజంతా ఎండలో పడేసినా, గుడ్డ విప్పగానే తుప్పు వాసనతో పాటు ఎండు మెత్తళ్ళ వాసన కూడా గుప్పుమంటుంది. మా అమ్మాయి మాత్రం, "నాకేం రావట్లేదమ్మా, అదంతా నీ ముక్కులోనే ఉంది" అంటుంది. ఉంటే ఉండనీ.

అది మా పేట చర్చి గంటకి నాలుక. గంట లోపల వేలాడుతూ, తాడు లాగినప్పుడు అంచుకి తగిలి మోగించేది అదే. మైకులొచ్చాక గంటని ఎవరూ పట్టించుకోలేదు కాబట్టి మా మామ్మ తర్వాత అది నా దగ్గరే ఉండిపోయింది. ఈ మధ్య చర్చి కమిటీ సెక్రటరీ ప్రభుదాసు మోటారుసైకిలు దిగి గుమ్మంలోనే నిలబడి అడిగాడు. "అత్తా, ఆ నాలుక ఇచ్చెయ్యవా? కొత్త ప్రహరీ ప్రారంభానికి ఎమ్మెల్యేగారొస్తున్నారు. ఆయన చేత గంట కొట్టిద్దామనుకుంటున్నాం." గోడ కట్టించింది ఆయనే. ఎన్నికలు దగ్గర పడుతున్నాయి. ప్రభుదాసు మంచివాడే. కాఫీ ఇచ్చాను గానీ మాట ఇవ్వలేదు.

కోడూరు దాటి హంసలదీవి వైపు వెళ్ళే దారిలో, కాలవ గట్టుకి దిగువన ఉంటుంది మా పేట. నా చిన్నప్పుడు వానాకాలం వస్తే ఇంటి ముందు నీళ్ళు, నీళ్ళలో నారు కట్టలు, రాత్రంతా కప్పల గోల. నాట్లయ్యాక అమ్మావాళ్ళ కాళ్ళకి పసుపు, ఒరుసుకున్న వేళ్ళ మధ్య వేపనూనె. కోతల కాలానికి గాలి తిరిగి, సముద్రం వైపు నుంచి ఉప్పూ, పొలం వైపు నుంచి ఎండుగడ్డీ కలిసిన వాసన గడపలోకొచ్చేది. చర్చి పక్కన తాటిమొద్దుల మధ్య దూలానికి వేలాడే ఆ గంటే మాకు గడియారం. శనివారం సాయంత్రం కొడితే తలంట్లకి నీళ్ళు కాచేవాళ్ళు. మెల్లగా, ఆగి ఆగి కొడితే ఎవరో పోయారని. ఆపకుండా కొడితే గాలివాన వస్తోందనో, ఇల్లంటుకుందనో. వేళ కాని వేళ ఆ శబ్దం విన్నవాళ్ళు పొయ్యి మీద కూర అలాగే వదిలేసి పరిగెత్తేవారు. ఎందుకని ఎవరూ అడిగేవారు కాదు.

ఆ గంట కొట్టే పని మా మామ్మది, అంటే మా నాన్నని కన్న తల్లి సువార్తమ్మది. తాడు లాగి, వదిలి, మళ్ళీ లాగేముందు ఓ చిన్న విరామం ఇచ్చేది. పేటలో పసిపిల్లలకి కూడా ఆవిడ చెయ్యి తెలుసు.

పంటల పండగ నాడు కొత్త వరి కంకులు, గుమ్మడికాయలు, కాళ్ళు కట్టిన కోళ్ళు చర్చిలోకొచ్చేవి. పాటల మధ్యలో కోళ్ళు అరిచేవి. క్రిస్మస్‌కి వారం ముందు నుంచే ప్రతి ఇంట్లోనూ అరిసెల పాకం, సున్నుండలకి వేయించిన మినుముల వాసన. వెదురు బద్దలతో నక్షత్రం కట్టి రంగు కాగితం అంటించేటప్పుడు మేం గంజి నాకేసి దెబ్బలు తినేవాళ్ళం. అచ్చనగాయలు మాత్రం చర్చి అరుగు మీదే ఆడాలి, అక్కడి గచ్చు నున్నన.

చర్చిలో కుర్చీ ఒక్కటే, పాస్టరు అయ్యగారిది. మిగతా అందరం చాపల మీద కూర్చునేవాళ్ళం. ఎవరైనా అధికారి పండగ పూట వస్తే మాత్రం అయ్యగారింట్లోంచి ఇంకో కుర్చీ తెచ్చి బల్ల పక్కన వేసేవారు. ఆ రెండో కుర్చీ అంటే మామ్మకి పడదు. "కుర్చీ లోపలికొచ్చిందంటే, దాని ఎనకాల ఏదో పని కూడా వచ్చే ఉంటదే" అని నా చెవిలో గొణిగేది.

అయ్యగారు గుడివాడ వైపు నుంచి వచ్చినాయన. చెడ్డవాడని నేననను. జ్వరం వస్తే మందు బిళ్ళ ఇచ్చేవారు, పేట మొత్తానికి ఉత్తరాలు రాసిపెట్టేవారు. కానీ పేటలో ఎవరైనా గొంతు పెంచినప్పుడల్లా ఆయన తెరిచే పేజీ ఒకటుండేది. అధికారులు దేవుడు నియమించినవాళ్ళు, వాళ్ళకి ఎదురు తిరిగితే దేవుడికి ఎదురు తిరిగినట్టే అన్నది దాని సారం. చదివి పుస్తకం మూసేసేవారు. మామ్మ ప్రార్థనలో అధికారుల్ని మర్చిపోయేది కాదు. "ప్రభువా, వాళ్ళకి బుద్ధినియ్యి" అని అందరికీ వినబడేలా అనేది.

నాకు ఎనిమిదేళ్ళప్పుడు, ఆ ఏడాది కోతలకి ముందు, మడ అడవి పక్కనున్న చవిటి పర్రని, అంటే ఎవరూ సాగు చెయ్యని ఉప్పు నేలని, మా నాన్న, బాబాయి, మరికొందరు దున్నారు. ఆ నేల తనదని ఊళ్ళో పెద్ద రైతొకాయన కేసు పెట్టాడు. పట్టుకెళ్తే ముందు కొడతారని భయపడి మగవాళ్ళందరూ మడ అడవిలో దాక్కున్నారు. ఇంట్లో ఆడవాళ్ళం, పిల్లలం, ఉడకని అన్నం.

ఒక రోజు పొద్దెక్కాక గట్టు మీద దుమ్ము లేచింది. మామ్మ వాకిట్లో కూర్చుని మెత్తళ్ళు ఏరుతోంది. జీపు చర్చి ముందు ఆగడం, కానిస్టేబులు లోపలికెళ్ళి కుర్చీ బయటికి తేవడం, ఇన్‌స్పెక్టరు అందులో కూర్చోవడం మా వాకిట్లోంచే కనిపించాయి. కూర్చున్నది రెండో కుర్చీలో కాదు, అయ్యగారి కుర్చీలో. అయ్యగారు పక్కన నిలబడి ఉన్నారు. ఇన్‌స్పెక్టరు గంట వైపు చెయ్యి చూపించాడు. అది మోగితే అడవిలో ఉన్నవాళ్ళు పరిగెత్తుకొచ్చేస్తారు.

మామ్మ లేచింది. చర్చి వెనక నుంచి చుట్టూ తిరిగి తాటిమొద్దుల దగ్గరికెళ్ళి, కొంగు అడ్డం పెట్టి, కొక్కెం తప్పించి, వచ్చిన దారినే వచ్చేసింది. ఇనప కడ్డీని ఎండుచేపల కుండలో దూర్చి, పైన గుప్పెడు మెత్తళ్ళు పోసి, మూత పెట్టి మళ్ళీ ఏరడం మొదలుపెట్టింది. నేను నోరు తెరిచి చూస్తుంటే, "ఈగలు దూరతాయి, ముయ్యి" అంది.

కాసేపటికి అయ్యగారు, వెనకే కానిస్టేబులూ వచ్చారు.

"సువార్తమ్మా, గంట నాలుక ఏదమ్మా?"

"ఉప్పు గాలి కదండయ్యగారూ, తుప్పట్టింది. తోమాలని తీశానండి."

కానిస్టేబులు నవ్వాడు. "గంట కొట్టు ముసలమ్మా. మీవాళ్ళతో మాట్లాడ్డానికే వచ్చాం."

"మాట్టాడ్డానికైతే అంత పెద్ద జీపెందుకు బాబూ?"

"అధికారానికి లోబడాలని నీకు తెలియదా?" అన్నారు అయ్యగారు, గొంతు తగ్గించి.

"ఎందుకు తెల్దండీ, రోజూ మీరు చదూతానే ఉన్నారుగా. మావాళ్ళు లోబడతారండి. సర్కారు పిలవాలంటే సర్కారు గొంతుతోనే పిలవమనండి. దేవుడి గొంతుతో పిలవొద్దనండి."

అయ్యగారి చూపు కుండ మీద పడింది. మూత కొంచెం పక్కకి ఒరిగి ఉంది. చాలాసేపు చూశారు. లోపలున్నది కనబడినా ఊరుకున్నారో, అసలేమీ కనబడలేదో ఈనాటికీ నాకు తెలియదు. "పదండి, ఇక్కడ లేదు" అని వెనక్కి తిరిగారు.

ఆ తర్వాత కానిస్టేబులు రాయి పుచ్చుకుని గంటని బాదాడు. డబ్బా కొట్టినట్టు మోగింది. ఆ చప్పుడు మడ అడవి దాకా వెళ్ళిందట. నాన్న బురదలోంచి లేవబోతే బాబాయి చొక్కా పట్టుకుని, "అన్నాయ్, అది అమ్మ చెయ్యి కాదు" అన్నాడట. తర్వాత వాళ్ళే ఒక ప్లీడర్ని మాట్లాడుకుని బందరు కోర్టుకెళ్ళి లొంగిపోయారు. సర్కారు పనికి సర్కారు గుమ్మంలోకే నడిచెళ్ళారు. ఒంటి మీద దెబ్బ పడకుండా క్రిస్మస్‌కి ఇంటికొచ్చారు. పర్ర మాత్రం దక్కలేదు.

ఆ రోజు నుంచీ ఆదివారం ఆరాధనయ్యాక మామ్మ నాలుక విప్పి ఇంటికి తెచ్చుకునేది. అయ్యగారు వద్దనలేదు. ఒకసారి మాత్రం చివరి వీధిలో గడ్డివాము అంటుకుంటే, మామ్మ ఇంట్లోంచి నాలుక తెచ్చి తగిలించేలోగా పక్క ఇల్లు కూడా కాలిపోయింది. "ఇందుకేనా దాచింది?" అన్నారు అయ్యగారు. అయినా మామ్మ నాలుకని మళ్ళీ గంటకి వదిలేయలేదు.

గేదెల వెనక తిరిగే నాకు బడి దక్కలేదు. నా మనవరాలు ఒకటో తరగతిలో చేరినప్పుడు దాని పక్కన కూర్చుని అక్షరాలు దిద్దాను. చదవడం రాగానే బైబిల్లో నేను వెతికింది ఆ అధికారుల మాట. అయ్యగారు కల్పించి ఉంటారని నా అనుమానం. కూడబలుక్కుంటూ చదివితే అది అక్కడే ఉంది. ఇంకాస్త చదివాను. అధికారి దేవుడికి పరిచారకుడని కూడా అక్కడే ఉంది. పరిచారకుడంటే వడ్డించేవాడేగా? వడ్డించేవాడొచ్చి పెద్దాయన పీట మీద కూర్చుంటాడా? ఆ తర్వాత చాలా రోజులకి ఇంకో పేజీ దొరికింది. పెద్దల సభ నోరు మూసుకోమంటే, మనుషుల మాట కంటే దేవుడి మాటే ముందు వింటామని యేసు శిష్యులైన అపొస్తలులు మొహం మీదే చెప్పేశారు. రెండు పేజీలూ ఒకే అట్టల మధ్య ఉన్నాయి. మాకు మాత్రం ఎప్పుడూ ఒకటే చదివి వినిపించారు. అప్పటి నుంచీ ఎవరైనా వాక్యం చదివి పుస్తకం గబుక్కున మూసేస్తే నాకు నమ్మకం కుదరదు.

ప్రభుదాసు రెండోసారి వచ్చినప్పుడు చెప్పేశాను. "ఆదివారం నేనే తెచ్చి తగిలిస్తాను, ఆరాధనయ్యాక తీసుకెళ్తాను. మీ ఎమ్మెల్యేగార్ని ఆదివారం రమ్మను నాయనా, అందరితో పాటు చాప మీద కూర్చుని వింటారు."

"చాపలెక్కడున్నాయత్తా, అన్నీ ప్లాస్టిక్ కుర్చీలేగా!" అని నవ్వాడు. నవ్వాడే గానీ కోపంగానే వెళ్ళాడు.

ఎమ్మెల్యేగారు మంగళవారం వచ్చారు. నేను గోడ అవతల నిలబడి చూశాను. గోడ మీద పాలరాతి పలక, దాని మీద దేవుడి పేరు కంటే పెద్ద అక్షరాల్లో ఆయన పేరు. అంత దూరం నుంచి కూడా చదవగలిగాను. పూలదండ చుట్టిన తాడు లాగారు. గంట ఊగింది, మోగలేదు. అదే క్షణానికి ఎవరో సెల్‌ఫోన్‌లో గంట శబ్దం పెట్టి మైకు దగ్గర పట్టుకున్నారు. ఎక్కడి గంటో, గణగణమని పేటంతా వినిపించింది. అందరూ చప్పట్లు కొట్టారు.

మడ అడవి ఉన్నచోట ఇప్పుడు రొయ్యల చెరువులు. ఆ పక్కన పనిచేస్తున్నవాళ్ళ వైపు చూశాను. మంగళవారం పూట, పట్టపగలు చర్చి గంట అంతసేపు మోగినా ఒక్కరూ తల ఎత్తలేదు.