మార్చిలో శాలువా, జూన్‌లో ఉద్యోగం

కొత్తపేట పండ్ల మార్కెట్ ఇంకా అక్కడి నుంచి కదలని రోజుల్లో, కార్మిక శాఖ అసిస్టెంట్ కమిషనర్‌గా నన్ను ఎల్బీ నగర్ వైపు వేశారు. దిల్‌సుఖ్‌నగర్ కాలేజీలన్నీ నా పరిధిలోకే వచ్చేవి. హోదా పెద్దదే గానీ అధికారం చిన్నది. పారిశ్రామిక వివాదాల చట్టం కింద నేను రాజీ అధికారిని. ఇరుపక్షాలనూ కూర్చోబెట్టి మాట్లాడించాలి. కుదిరితే ఒప్పందం రాయించాలి, లేదంటే కుదరలేదని నివేదిక పంపాలి. తీర్పు చెప్పే పని లేబర్ కోర్టుది.

ఆ జూన్‌లో సువార్తమ్మ అనే ల్యాబ్ అటెండర్ ఫిర్యాదు తెచ్చింది. ఓ జూనియర్ కాలేజీ కెమిస్ట్రీ ల్యాబులో గాజుసామాను కడుగుతూ, యాసిడ్ సీసాలు సర్దుతూ చాలా ఏళ్లు పనిచేసింది. ఆ కాలేజీలో ఓ ఆచారం ఉండేది. ఏటా మార్చి ఆఖరున సిబ్బందిని వేదికెక్కించి, శాలువా కప్పి, ఫొటో తీసి, కాంట్రాక్టు ముగిసిందని సంతకం పెట్టించుకునేవారు. జూన్‌లో అదే మనిషికి, అదే పనికి కొత్త కాంట్రాక్టు! తడిగుడ్డతో గొంతు కోస్తారని విన్నాను గానీ, శాలువాతో కోయడం అక్కడే చూశాను. ఈసారి సువార్తమ్మకు శాలువా అయితే కప్పారు, జూన్‌లో మాత్రం పిలవలేదు.

“పైసల కోసం రాలే సార్. నా నౌకరి నాకు గావాలె. గీ వయసుల నన్ను కొత్తగ ఎవలు తీస్కుంటరు?” అంది.

ఆమె కేసు తేలిక కాదు. గడువు పెట్టిన కాంట్రాక్టు ఆ గడువు తీరి ఆగిపోతే చట్టం దాన్ని తొలగింపుగా లెక్కించదు. నోటీసు, పరిహారం, కారణం ఏవీ అక్కర్లేదు. అయితే ఎప్పుడూ ఉండే పనిని ముక్కలు చేసి, మనిషిని ఏళ్ల తరబడి తాత్కాలికంగానే తిప్పడం తప్పు. కాబట్టి వేసవి విరామం నిజమా, నాటకమా అన్నదే తేలాలి. నిజమని యాజమాన్యం నిరూపిస్తే ఆమె ఉద్యోగం పోయినట్టే.

విచారణకు కాలేజీ పరిపాలనాధికారి ప్రసాద్ వచ్చాడు. గుంటూరు వైపు మనిషి. సన్మానాల ఆల్బమ్ నా బల్ల మీద పరిచి, ఎంత గౌరవంగా సాగనంపామో చూడమన్నాడు. గడువు ముగిసిందన్న ఒక్క మాట చెప్పి నోరు మూసుకుని ఉంటే గెలిచేవాడే. కానీ ఆ కాలేజీల వాళ్లకు నిద్రలోనూ అడ్మిషన్ల కలవరింతే కదా! ఆమెనే ఎందుకు వదిలేశారని మామూలుగా అడిగాను.

“అసలు విషయం చెప్తానండీ. ఏప్రిల్, మే నెలల్లో స్టాఫంతా ఇంటింటికీ తిరిగి పిల్లల్ని చేర్పించాలండి. ఈవిడకి అబ్దుల్లాపూర్‌మెట్ వైపు ఊళ్లు అప్పజెప్పాం. ఒక్క పిల్లాణ్ణి తెస్తే ఒట్టు! ఇలాంటివాళ్లని ఎలా ఉంచుకుంటామండీ?”

“మీ ఫీజు చెప్తే తలుపులేస్తుండ్రు సారూ, నేనేం జెయ్యాలె?” అని సువార్తమ్మ కస్సుమంది.

నాకు నవ్వాగలేదు. మార్చిలో సాగనంపిన మనిషిని మే నెల ఎండలో ఏ హోదాలో తిప్పారని అడిగాను. దొంగకు తేలు కుట్టినట్టయింది పెద్దమనిషికి. అది స్వచ్ఛంద సేవ అని నసిగాడు. స్వచ్ఛంద సేవకు టార్గెట్ ఏమిటయ్యా, తప్పితే ఉద్యోగం పీకడమేమిటి? ఆయన మాటలు పొల్లుపోకుండా రాయించి, కింద ఆయన చేతే సంతకం పెట్టించాను.

తర్వాతి వాయిదాకు కరస్పాండెంటే దిగివచ్చాడు. వ్యవహారం కోర్టుకెక్కితే మిగతా సిబ్బంది కూడా లేస్తారని భయం. దయతలచినట్టు ముఖం పెట్టి, కొత్త కాంట్రాక్టు ఇస్తానన్నాడు. సిగ్గు లేకపోతే సరి!

“మల్ల కొత్త మనిషి లెక్క జేరను సార్. పాత సర్వీసంత రాయాలె,” అంది సువార్తమ్మ. ఆ మాట మీద నుంచి ఇసుమంతైనా కదల్లేదు.

చివరికి అలాగే రాశారు. పాత సర్వీసంతా కలిపి ఆమె ఉద్యోగం ఆమెకిచ్చారు, అడ్మిషన్లకు తిప్పబోమని ఒప్పుకున్నారు. ఆ కాలేజీ నుంచి ఇంకెవరూ ఫిర్యాదు తేలేదు. తేనిదే నేను చేయగలిగిందీ లేదు.

కాంట్రాక్టు నిజంగా ముగిసిందో లేదో తెలియాలంటే మర్నాడు ఆ మనిషిని ఎవరు పనికి పంపారో అడగాలని ఈ కేసుతో నేర్చుకున్నాను. ఆ ప్రశ్న అడిగేవాళ్లు లేనంతకాలం యాజమాన్యాలు చట్టానికి భయపడవు.