తవుడుకు కొన్న పిల్ల

నా చిన్నప్పటి కష్టాల మీద షార్ట్ ఫిల్మ్ తీస్తానని మనవరాలు ఆత్మకూరు రైసుమిల్లు నుంచి చేటెడు తవుడు తెచ్చి నా మంచం పక్కన పెట్టింది. ఆ కమ్మటి వాసన ముక్కుకు తగలగానే చేటను దూరంగా జరపమన్నాను.

నాకు ముందు పుట్టిన ఇద్దరూ పురిట్లోనే పోయారట. నన్నైనా దక్కించుకోవాలని, ఉదయగిరి కొండ కనబడే మా పల్లెలో అందరూ చేసే పనే మా అవ్వా చేసింది. నన్ను చేటలో పడుకోబెట్టి పెద్దింటి రంగమ్మగారికి ఇచ్చి, బదులుగా తవుడు పుచ్చుకుంది. పరాయి సొమ్మును చావు ముట్టుకోదని నమ్మకం. సాయంత్రానికి పిల్ల మళ్ళీ తల్లి ఒళ్ళోనే ఉంటుంది, అదంతా ఉత్తుత్తి బేరం.

ఉత్తుత్తిదే అయినా నాకు బాగా కలిసొచ్చింది. ఉగాదికి రంగమ్మగారు కొత్త పావడ కుట్టించి, నెయ్యి కారే ఓళిగలు పెట్టేది. సజ్జసంగటీ చింతాకు పులుసూ తప్ప ఎరగని నా తోటిపిల్లలు నా వేళ్ళు వాసన చూసి, అచ్చనగాయల ఆటలో మొదటి వంతు నాకే ఇచ్చేవాళ్ళు.

తర్వాత వానలు మొహం చాటేశాయి. చెరువు నెర్రెలిచ్చింది, బలుసాకు కూడా దొరకని ఎండాకాలం వచ్చింది, నాయన కూలి వెతుక్కుంటూ పెన్న ఒడ్డునున్న సంగం వైపు పోయాడు. అప్పుడే రంగమ్మగారి కోడలు ప్రసవించింది. బిడ్డను ఎత్తుకోవడానికి నన్ను పంపమని రంగమ్మగారు కబురు పెట్టింది. అమ్మ వెళ్ళి, పిల్ల బడికి పోతోందని నసిగితే ఆమె నవ్వుతూనే అంది.

"తవుడిచ్చి కొనుక్కున్న బిడ్డ గదా, నాకాడ ఉంటే తప్పేంది?"

బడి మానిపించి నన్ను అక్కడ దిగబెట్టారు. చంకలో బిడ్డ, చేతిలో పేడతట్ట, నెత్తిన ఎండ. ఆ ఇంట్లో నా పేరు పోయి 'తవుడు పిల్ల' నిలిచింది. అమ్మ వచ్చి తీసుకుపోతుందని రోజూ వాకిలి వైపే చూసేదాన్ని.

ఒక మధ్యాహ్నం అమ్మ వచ్చింది. కొట్టంలో చద్దన్నం తింటున్న నేను పరుగెత్తి కొంగు పట్టుకున్నాను. అమ్మ నా సత్తుగిన్నె వైపే చూసింది.

"ఈడనే ఉండు పాపా. ఈడ కూడుండాది."

నా వేళ్ళు విడదీసుకుని వెళ్ళిపోయింది. వానలు పడ్డాక ఇంటికి తెచ్చుకున్నారు గానీ, మళ్ళీ ఎప్పుడూ అమ్మ కొంగు పట్టుకుని నేను ఏదీ అడగలేదు.

మనవరాలి సినిమాలో అమ్మ నన్ను ఎత్తుకుని ఏడుస్తూ ఇంటికి నడుస్తుంది. అలా జరగలేదే అంటే, చూసేవాళ్ళకు బాగుండాలి కదా అవ్వా అంది. మా వైపు ఇప్పుడు బిడ్డల్ని తవుడుకివ్వడం లేదు. ఓళిగలు కొట్లో అట్టపెట్టెల్లో దొరుకుతున్నాయి. రంగమ్మగారూ పోయింది, అమ్మా పోయింది. కూడున్నచోట బిడ్డను వదిలిన తల్లిది తప్పు కాదని, నలుగురిని కన్నదాన్ని, నాకు తెలుసు. తెలిసినా ఆమె మీద కోపం పోలేదు.