మామ ఫ్లెక్సీ మీద అమ్మమ్మ పేరు

తెలంగాణ వచ్చిన కొత్తలో నాకు తెలియని విషయమంటూ లేదు. ఆ రోజుల్లో ఇంజనీరింగు పట్టా కొత్తగా చేతికొచ్చిన ప్రతివాడికీ ఉండే జబ్బే అది, నాకు కాస్త ముదిరింది. హైదరాబాదులో ఒక చిన్న కంపెనీలో ఉద్యోగం. తెలుగులో రాసిన ఇంటర్నెట్ అడ్రసులను కంప్యూటర్లకు అర్థమయ్యేలా మార్చే లైబ్రరీల మీద పని. (లైబ్రరీ అంటే ఎవరో ముందే రాసిపెట్టిన ప్రోగ్రాముల మూట. మా అమ్మ మాత్రం మా ఊరు నకిరేకల్‌లో అందరికీ నేను గ్రంథాలయంలో పనిచేస్తున్నానని చెప్పేది. నా జీతం విన్నవాళ్లెవరూ అనుమానపడలేదు.) ఎవరో మహానుభావులు రాసిన లైబ్రరీని తెచ్చి తగిలించి, పనిచేస్తోందా లేదా అని చూడటమే నా వంతు. ఆదివారం ఊరికి వస్తే మాత్రం తెలుగును ఇంటర్నెట్ ఎక్కించింది నేనే అన్నట్టు మాట్లాడేవాణ్ని.

ఆ మాటలన్నీ నమ్మినవాడు మా మేనమామ. అప్పుడాయన హైవే పక్కన బత్తాయి మొక్కల నర్సరీ పెడుతున్నాడు. మా అమ్మమ్మ బతికినన్నాళ్లూ ఒకరి తోటల్లో కూలికి పాదులు తీసింది, అందుకని నర్సరీకి ఆమె పేరే పెట్టుకున్నాడు. "ఇంటర్నెట్ల గూడ పెట్టు అల్లుడా, గని పేరు తెలుగులనే ఉండాలె. నాది ఏడో తరగతి సదువు. మా అవ్వ పేరు నేనే సదువుకోకపోతే ఇంకెందుకు?" అన్నాడు. (మా వైపు అవ్వ అంటే అమ్మ.) "నీకెందుకు మామా ఫికర్, నేనున్న గద!" అన్నాను. (ఈ మాట ఎవరి నోట విన్నా నాకిప్పటికీ గుండె దడే.) అన్నట్టుగానే తెలుగు అడ్రసు తీసుకున్నాను. ఫోన్లో పైన అమ్మమ్మ పేరు కనబడగానే మామ దాన్ని వేలితో తడిమి చూసుకున్నాడు. నర్సరీ పేరే అడ్రసు కాబట్టి ఫ్లెక్సీ మీద ఆ ఒక్క లైను చాలని సలహా ఇచ్చిన మేధావిని కూడా నేనే.

ప్రారంభానికి ముందురోజు ఫ్లెక్సీలు కొట్టే అన్న ఫోన్ చేశాడు. "తమ్మీ, మీ మామ ఫోటో వచ్చింది. కింద ఏం రాయాల్నో వాట్సాపుల పెట్టు." నేను బస్సులో నిలబడి ఉన్నాను. ఫోన్లో కనబడుతున్న అడ్రసును అలాగే కాపీ చేసి పంపేశాను, పంపింది ఏమిటో తిరిగి చూడలేదు. ఈ అడ్రసులతో ఒక తిరకాసుంది. చూసేటప్పుడు చక్కని తెలుగులో కనబడతాయి, కాపీ చేస్తే మాత్రం యంత్రం చదువుకునే రూపంలో బయటికొస్తాయి: ముందు ఎక్స్, ఎన్, రెండు అడ్డగీతలు, ఆ వెనక ఇంగ్లీషు అక్షరాలూ అంకెలూ కలగాపులగంగా. ఆఫీసులో కొత్తగా చేరినవాళ్లకు మొదటిరోజు ఈ సంగతి చెప్పి జాగ్రత్తలు చెప్పేది నేనే.

తెల్లారి నర్సరీ ముందు పెద్ద షామియానా. పాస్టరు అయ్యగారు ప్రార్థన ముగించారు, మామ తాడు లాగాడు, ఫ్లెక్సీ విచ్చుకుంది. చేతులు జోడించిన నిలువెత్తు మామ, ఆయన కాళ్ల కింద పసుపు రంగులో జానెడేసి అక్షరాలతో ఆ కలగాపులగం. చప్పట్లు కొట్టబోయినవాళ్లు ఆగిపోయారు. "గిదేం మందే? కాయ రాలకుంట ఆపుతదా?" అని ఒక రైతు అడిగాడు. "మందు గాదే, కొత్త రకం మొక్క అయ్యుంటది. నాగ్గూడ కావాలె" అన్నాడు పక్కాయన. ఫ్లెక్సీ అన్న నా దగ్గరికొచ్చి, "నువ్వు పంపింది పంపినట్టే కొట్టిన తమ్మీ. ఒక్క అచ్చరం అటు ఇటు కాలే" అన్నాడు, మెచ్చుకుంటాననుకున్నాడు పాపం.

మామ మెల్లగా అడిగాడు. "అల్లుడా, మా అవ్వ పేరేదిరా?"

"అది అమ్మమ్మ పేరే మామా. కంప్యూటర్‌కు గట్లనే కనబడ్తది."

"మరి గీ ఫ్లెక్సీ కంప్యూటర్ కోసం కట్టినమా?"

ఆయన తిట్టినా బాగుండేది. పదిమందిలో తల్లి పేరు పైకి చదవాలని కొత్త చొక్కా తొడుక్కుని వచ్చిన మనిషి, తలెత్తి ఆ గీతల్లో ఆమెను వెతుక్కుంటుంటే నాకు ఏడుపొక్కటే తక్కువైంది. అప్పుడు మా అమ్మ కుండీలకు గుర్తులు వేసే ఎర్ర పెయింటు డబ్బా, కుంచె తెచ్చి నా చేతిలో పెట్టింది. "గ్రంథాలయంల పనిజేస్తవ్, మా అవ్వ పేరు రాయరాదా? ఊకె నిలబడ్డవేంది, ఎక్కు!"

స్టూలు ఎక్కాను. అయ్యగారు కింద పట్టుకున్నారు. పదో తరగతి తర్వాత నేను తెలుగును చేత్తో రాసిందే లేదు. ఒత్తు కోసం కీబోర్డు మీద ఎక్కడ నొక్కాలో తెలుసు గానీ, కుంచెను ఎటు తిప్పాలో చెయ్యి మరిచిపోయింది. గుమ్మడికాయంత మొదలైన అక్షరాలు జాగా చాలక చివరికి నిమ్మకాయంత అయ్యాయి, లైను మొత్తం మామ మోకాళ్ల దగ్గర మొదలై పాదాల దగ్గర తేలింది. రంగు కారి నా చొక్కా నాశనమైంది. కింద నుంచి మామ ఒక్కో అక్షరం పూర్తికాగానే గట్టిగా చదువుతున్నాడు. చివరి అక్షరం అయ్యాక అన్నీ కలిపి ఒక్కసారిగా అన్నాడు. కన్నతల్లిని పేరు పెట్టి పిలిచే కొడుకెవరు? ఆయన నోట ఆ పేరు వినడం నాకదే మొదటిసారి. జనం చప్పట్లు కొట్టారు, ఆయన కండువాతో మొహం తుడుచుకున్నాడు.

ఇప్పుడు నేను పెద్ద కంపెనీలో ఉన్నాను, పని ఆ లైబ్రరీలదే. మామకు తీసిచ్చిన ఇంటర్నెట్ అడ్రసును మరుసటి ఏడు రెన్యువల్ చేయించడం మరిచిపోయాను, ఎవరూ అడగనూ లేదు. ఫ్లెక్సీ ఎండకు చీలికలు పేలికలైతే, నేను రాసిన ముక్కను మామ కత్తిరించి షెడ్డు రేకుకు బిగించుకున్నాడు. మొన్న వెళ్తే ఎవరో రైతు ఆ వంకర అక్షరాలను కూడబలుక్కుని చదివి, "గీమె ఎవలు?" అని అడుగుతున్నాడు. మామ మొక్కలకు నీళ్లు పెట్టడం ఆపి, ఆమె కథ మొదలుపెట్టాడు. ఇన్నేళ్లలో నేను రాసినవాటిలో ఇంకా పనిచేస్తున్నది అదొక్కటే.