బొట్టు కింద బటన్

నలభై రెండేళ్లకు కారు నేర్చుకుని, కొత్త కారులో మొదటిసారి ఒక్కదాన్నే లింగంపల్లి నుంచి గచ్చిబౌలి ఆఫీసుకు బయలుదేరాను. ముందురోజే మా అత్తమ్మ పూజ చేసి, చక్రాలకే కాదు, స్టీరింగ్ చుట్టూ ఉన్న ప్రతి బటన్‌కీ కుంకుమ బొట్టు పెట్టింది.

సగం దారిలో టైర్లలో గాలి తగ్గిందని చెప్పే లైటు వెలిగింది. పంక్చర్ షాపులో నాలుగు టైర్లకూ గాలి పట్టించాను. లైటు ఆరలేదు. ఇంకో షాపాయన కొలిచి, "గాలి సక్కగనే ఉంది మేడం" అన్నాడు. అయినా ఆరలేదు. టైరు పేలుతుందేమోనన్న భయంతో ఎంత నెమ్మదిగా నడిపానంటే, సైకిల్ మీద ఇడ్లీలు అమ్మే ఆయన కూడా నన్ను దాటిపోయాడు. వెనకంతా హారన్ల మోత.

ఆఫీసు పార్కింగ్‌లో సెక్యూరిటీ సైదులన్నకు నా బాధ చెప్పుకున్నాను. ఆయన ఒకప్పుడు క్యాబ్ నడిపాడు.

"పరేషాన్ కాకుండ్రి మేడం. గాలి నింపినంక, గిదే సరైన గాలి అని కారుకు చెప్పాలె. దానికో బటన్ ఉంటది" అంటూ స్టీరింగ్ కిందికి వంగి చూసి నవ్వాడు. "ఎవరో దాని మీదనే బొట్టు పెట్టిండ్రు. తుడవాల్నా?"

"మా అత్తమ్మ పెట్టింది. తుడవొద్దు అన్నా, అట్లనే నొక్కు" అన్నాను.

బొట్టు మీదే బొటనవేలు అదిమిపెట్టాడు. లైటు మూడుసార్లు మిణుకుమని ఆరిపోయింది. వేలికంటిన కుంకుమను ఆయన తన నుదుట పెట్టుకున్నాడు.

సాయంత్రం పాటలు వింటూ ఇంటికొచ్చాను. జరిగింది చెబితే అత్తమ్మ పడీ పడీ నవ్వింది. మర్నాడు మళ్లీ బొట్టు పెట్టింది, ఈసారి బటన్‌కు కొంచెం పక్కగా. అది చూసినప్పుడల్లా నాకు ఆ లైటు కాదు, సైదులన్న నుదురే గుర్తొస్తుంది.