పుల్లింగ్ చాలని బండి

మా తణికైవేల్ బావ తన కారుకు ఏడాది పొడుగునా పవర్ పెంచుతూనే ఉంటాడు. ఆ కారును మాత్రం ఏనాడూ నలభై దాటి తోలడు. ఆయన గురించి తెలుసుకోవాల్సింది ఇంతే. మిగతాదంతా దీనికి వివరణ.

అదేమీ అల్లాటప్పా కారు కాదు. టర్బో ఇంజన్ ఉన్న చిన్న ఎర్ర కారు. చూడటానికి బుజ్జిగా ఉంటుంది గానీ గట్టిగా తొక్కితే వీపు సీటుకు అతుక్కుపోతుంది. చెన్నైలో ఎవరో కుర్రాడు వేగం పిచ్చి తీరాక అమ్మేస్తే బావ కొన్నాడు. తాళాలు చేతిలో పెడుతూ ఆ కుర్రాడు "జాగ్రత్త సార్, ఇది పులి" అన్నాడట. బావ ఆ పులిని ప్రతి ఆదివారం తిరువళ్ళూరు నుంచి తిరుత్తణికి పెళ్ళి ఊరేగింపులా నడిపించుకొస్తాడు.

దారిలో ఆయన్ని దాటి పోనివాళ్ళు లేరు. టౌన్ బస్సు దాటుతుంది. అరటిగెలల టెంపో దాటుతుంది. టీవీఎస్ బండికి రెండువైపులా పాలక్యాన్లు కట్టుకుని, మా ఇంటికీ పాలు పోసే ఎలుమలై అనే పెద్దాయన కూడా దాటతాడు. మొదట్లో ఆయన ఆగి, "తోయల్లనా అప్పా?" అని అడిగేవాడు. తర్వాత అడగడం మానేసి, జాలిగా తలూపి పోవడం మొదలుపెట్టాడు.

"బావా, ఎలుమలై మళ్ళా మనల్ని దాటి పోతాండాడు" అన్నాను ఒకసారి, పక్కసీట్లో కూర్చుని.

"పోనీరా హేమూ. పాలు విరిగిపోతాయని ఆ యప్పకు తొందర."

"మనకే తొందరా లేదా?"

"తొందరుంటే మాత్రం? పుల్లింగ్ చాలదు గదరా."

పుల్లింగ్ అంటే బండి బరువును లాగే బలం. మా వైపు బండ్ల గురించి మాట్లాడే ప్రతివాడి నోటా వినిపించే మాటే. బావకు మాత్రం అది లోకాన్నంతా కొలిచే కొలత. కాఫీ పలచగా ఉంటే పుల్లింగ్ చాలలేదంటాడు. పెళ్ళిలో నాదస్వరం నీరసంగా ఉంటే పుల్లింగ్ చాలలేదంటాడు. కూతురు మధుమిత ప్రోగ్రెస్ కార్డు తెస్తే అటూ ఇటూ తిప్పి చూసి, "స్టార్టింగ్ బాగుండాది పాపా, అరపరీక్షల కాడ పుల్లింగ్ పోయినాది" అని సంతకం పెట్టాడు.

ఈయన నాకు రెండు విధాలా బావ. మా మేనమామ కొడుకు, మా అక్క అలమేలు మొగుడు. తిరువళ్ళూరు దగ్గర ఒక ఫ్యాక్టరీలో షిఫ్టు సూపర్‌వైజరు. నేను తిరుత్తణిలో ఎలక్ట్రికల్ షాపు పెట్టుకుని అమ్మతో ఉంటున్నాను. కాబట్టి ప్రతి ఆదివారం ఈ ఊరేగింపు వచ్చి ఆగేది మా వాకిట్లోనే.

ఒకసారి నన్ను కూడా తిరునిన్రవూరుకు తీసుకెళ్ళాడు. అక్కడ మురళీధరన్ అని ఒకతను షెడ్డులో కూర్చుని, కార్లకు ల్యాప్‌టాప్ తగిలించి ఇంజన్ల బుద్ధి మారుస్తుంటాడు. చుట్టూ పాతికేళ్ళ కుర్రాళ్ళు, వాళ్ళ కార్ల సైలెన్సర్లలోంచి దీపావళి. వాళ్ళ మధ్య మా బావ ఇస్త్రీ చొక్కా, నుదుట విభూతి.

"సౌండు తగ్గించల్ల తంబీ" అన్నాడు బావ.

మురళీధరన్‌కు అర్థం కాలేదు. "అన్నా, అందురూ సౌండు పెట్టమనే వస్తారు. నువ్వు పవర్ ఎక్కించి సౌండు తగ్గించమంటావే?"

"ఇంజన్ ఎంత కష్టపడినా లోపలుండేవాళ్ళకు తెలీకూడదు."

"సరి. టాప్ స్పీడు ఎంత కావల్ల?"

"నలభై."

మురళీధరన్ ల్యాప్‌టాప్ మూసేసి నా వైపు చూశాడు. నేను షెడ్డు పైకప్పు వైపు చూశాను.

టర్బోకి ఒక గుణం ఉంది. మెల్లగా పోయేటప్పుడు నిద్రపోతూ ఉంటుంది. తొక్కగా తొక్కగా ఉన్నట్టుండి లేచి వెనకనుంచి ఒక తన్ను తంతుంది. కుర్రాళ్ళు డబ్బు పోసేది ఆ తన్ను కోసమే. బావకు ఆ తన్నే వద్దట. బలమంతా అడుగునుంచే రావాలట. నిండా జనంతో గేరు మార్చకుండా కొండ ఎక్కాలట.

"ఏ కొండ అన్నా?" అన్నాడు మురళీధరన్.

"ఏదో ఒక కొండలే" అన్నాడు బావ, కిటికీ అద్దం తుడుస్తూ.

అలా మొదలైంది. మొదట ల్యాప్‌టాప్‌తో ఇంజన్‌కు కొత్త పాఠం చెప్పించాడు. తర్వాత పాత టర్బో పీకించి, త్వరగా నిద్రలేచే చిన్న టర్బో పెట్టించాడు. మన ఎండకు ఇంజన్ పీల్చే గాలి వేడెక్కి బలం తగ్గుతోందని ముందువైపు పెద్ద కూలర్ బిగించాడు. ఇంత బలానికి పాత క్లచ్ ఆగదని గట్టి క్లచ్ వేయించాడు. ప్రతి మార్పు తర్వాతా పెదవి విరిచి పుల్లింగ్ చాలలేదనేవాడు. బండి మాత్రం నలభై దాటేది కాదు.

సరిగ్గా ఈ రోజుల్లోనే మా ఇంట్లో ఇంకో సమస్య వచ్చిపడింది. ఇడ్లీలు.

మా అమ్మ మునెమ్మ ఆమధ్య జారిపడి నడుము దెబ్బ తిన్నది. ఇంట్లో మెల్లగా నడుస్తుంది గానీ వంగి గ్రైండర్లో పిండి రుబ్బలేదు. అందుకని అక్క తిరువళ్ళూరు నుంచే పెద్ద స్టీలు గిన్నెలో పిండి తెస్తుంది. వాకిట్లో అక్కనూ పాపనూ దించి, మేము పిండి అడిగేలోపలే బావ "స్వామికి దండం పెట్టుకొని వస్తా" అని మా ఊరి మురుగన్ కొండకు పోతాడు. ఆయన దిగివచ్చాకే గిన్నె పొయ్యి దగ్గరకు చేరేది. ఆ పిండితో అయ్యే ఇడ్లీలు క్యారమ్ బోర్డు మీదికి పనికొచ్చేవి.

"అలమేలూ, ఉద్దిబేళ్ళు తక్కువేసినావా?" అనేది అమ్మ, మినప్పప్పు తగ్గిందేమోనని, ఇడ్లీని చట్నీలో నానబెడుతూ.

"ఏమోమా, పుల్లింగ్ చాలినట్లు లేదు" అనేది అక్క, తల తిప్పకుండా.

గట్టి క్లచ్ వేయించిన ఆదివారం ఇడ్లీలు ఎంత గట్టిగా వచ్చాయంటే మధుమిత ఒకదాన్ని కిందపడేస్తే పిల్లి ఉలిక్కిపడి పారిపోయింది. తన సాంబారుకు వంక పెట్టినందుకు ఓ పెద్దమ్మతో ఏడాది మాట్లాడని మనిషి మా అక్క. అలాంటిది వారం వారం ఈ అప్రతిష్ఠ మోస్తూ నోరు మెదపకపోవడం చూసి నాకు అప్పుడే అనుమానం రావాల్సింది.

ఇక్కడ అమ్మ సంగతి చెప్పాలి. నాకు డెంగీ వచ్చి ఆసుపత్రిలో పడున్నప్పుడు, వీడు లేచి తిరిగితే పూలకావడి మోస్తానని అమ్మ తిరుత్తణి మురుగన్‌కు మొక్కుకుంది. నేను లేచాను. మొక్కు తీర్చేలోపల ఆమె పడింది. కొండ మెట్లు ఎక్కే మాట లేదు. రోడ్డు మీదుగా పోదామని ఒకసారి అద్దె కారు పెట్టాను. మొదటి మలుపులోనే డ్రైవరు గేరు మార్చాడు, కారు కాస్త వెనక్కి జారి ఎగిరి ముందుకు దూకింది. అమ్మ పెట్టిన కేకకు ఆ డ్రైవరే హడలిపోయాడు. అక్కడినుంచే తిప్పుకొచ్చాం. "ఇంక కొండ మాట ఈ ఇంట్లో ఎత్తద్దండి" అంది అమ్మ.

మేము ఎత్తలేదు. కానీ మా గుమ్మంలో నిలబడితే కొండ కనిపిస్తుంది. పొద్దున్నే తలుపు తీసి అటు చూసి, "మొక్కు నిలిచిపోయినాది సామీ, కోపం చేసుకోవద్దు" అని లోపలికి వచ్చేది. నీ బదులు నేను మోస్తానన్నాను. "మొక్కినాది నువ్వా? నేను మొక్కినాను, నేనే మోయల్ల" అంది. ఆ మాట విన్న రోజు నేను బతికి వచ్చినందుకు కూడా సిగ్గేసింది.

ఆ క్లచ్ ఇడ్లీల తర్వాతి ఆదివారం, కొండమీద ఒక మండపంలో లైట్లు వెలగడం లేదంటే స్కూటరు వేసుకుని పైకి వెళ్ళాను. దారిలో వాహనాల వరుస, హారన్ల మోత. వరుసకు ముందు ఎవరున్నారో చూడకుండానే చెప్పగలను. పక్కనుంచి దాటి పైకి పోయి, నా పని చూసుకుని వచ్చేసరికి బావ కారు ఒక మూల ఆగి ఉంది. వెనక తలుపు తీసి, మోకాళ్ళ మీద కూర్చుని, తల లోపలికి దూర్చి ఉన్నాడు. స్వామి ఎదురుగా ఉండగా ఈయన కారుకెందుకు మొక్కుతున్నాడో అర్థం కాలేదు.

దగ్గరికి వెళ్ళి తొంగి చూశాను. వెనకసీట్లో మా ఇడ్లీపిండి గిన్నె కూర్చుని ఉంది. దానికి సీటు బెల్టు పెట్టి ఉంది. రెండువైపులా తలగడలు. బావ మూత ఎత్తి పిండిని చూస్తున్నాడు.

"బావా, ఏం చేస్తాండావు?"

ఆయన తల ఎత్తబోయి పైకప్పుకు గుద్దుకున్నాడు. "సుమ్మా... ఊరికే పిండి చూస్తా ఉండా."

"పిండికి కొండమీద ఏం పని?"

కొంచెంసేపు తల రుద్దుకున్నాడు. తర్వాత గిన్నె నా వైపు తిప్పాడు. అంచులదాకా పొంగి ఉండాల్సిన పిండి మధ్యలో కుంగిపోయి ఉంది.

"పొంగిన పిండి అత్త నడుము మాదిరిరా. ఒక్క కుదుపు చాలు, కూలబడిపోతాది. ఇది కొండెక్కి దిగినా నిలిచినాదంటే అత్త కూడా తట్టుకుంటాది. మలుపులో గేరు మార్చినామంటే కుదుపు. మార్చకుండా అంత మెల్లగా ఎక్కల్లంటే మామూలు ఇంజన్ చేతగాదు. అందుకే ఈ టర్బో గోలంతా. ఆ క్లచ్చే చెడగొట్టినాది, రేపే పీకించి మెత్తంది వేయిస్తా."

"మరి అమ్మకు ఒక మాట చెప్పచ్చు గదా?"

"చెప్పి? ఆ యమ్మ ఆశపడి వచ్చి, మళ్ళా మొదటి మలుపులోనే తిప్పుకొని పోతే? ఇంకోసారి అట్ల జరగకూడదురా. పిండి నిలిచినాకనే చెప్తా."

"నలభై దాటనిది కూడా దీనికేనా?"

"చేతికి అలవాటు కావల్ల గదా. వారమంతా దూకించి, ఒక దినం మాత్రం మెల్లగా తోలు అంటే కాలు వింటాదా?" ఆయన మూత పెట్టి, బెల్టు సరిచేశాడు. "నాకు పుట్టెంట్రుకలు తీయించే దినం నన్ను చంకనేసుకొని ఈ మెట్లన్నీ ఎక్కినాది అత్త. నేను ఏడిస్తే నిలిచి, ఊరుకుంటే ఎక్కినాదంట. ఒక్క కుదుపన్నా తెలిసింటాదా నాకు?"

నాకు పిండి గిన్నెకు సీటు బెల్టు చూసి నవ్వొచ్చింది. ఆ వెనకే వంగి, జారిన తలగడ ఒకటి సర్దాను. ఇన్నాళ్ళూ ఈ మనిషిని చూసి నవ్వినవాళ్ళలో నేనే మొదటివాణ్ణి. బలం అంటే పక్కవాణ్ణి దాటి పోవడానికని నేనూ ఆ కుర్రాళ్ళలాగే అనుకున్నాను.

మెత్తటి క్లచ్ వచ్చింది. ఆ ఆదివారం బావ కొండ దిగి వచ్చి, గిన్నెను పసిబిడ్డలా రెండు చేతులా పట్టుకొచ్చి అక్కకు ఇచ్చాడు. అక్క మూత తీసి చూసి, కొంగుతో ముఖం తుడుచుకుంది. ఇడ్లీలు వచ్చాయి. వేలు పెడితే దిగబడుతున్నాయి. అమ్మ ఒకటి తిని, ఇంకొకటి పెట్టించుకుంది.

"ఈసారి బాగా కుదిరినాయే అలమేలూ!"

"కొండెక్కి దిగిన పిండి అత్తా అది" అన్నాడు బావ. "రవ్వంత కూడా కుంగలేదు. మంగళవారం నిన్ను తీసకపోతా."

అమ్మ చెయ్యి ఆగిపోయింది. "వద్దు నాయనా."

"పిండికంటే నువ్వు గట్టిదానివే గదా అత్తా?"

"పిండికి నొప్పి తెలుస్తాదా?"

"నీకంటే ముందే తెలుస్తాది. కావల్లంటే అలమేలును అడుగు, ఇన్ని వారాలు ఎన్ని మాటలు పడినాదో."

అమ్మ అక్క వైపు చూసింది, చేతిలోని ఇడ్లీ వైపు చూసింది. అది నమిలి మింగేదాకా ఇంట్లో ఎవరమూ ఊపిరి తీయలేదు.

"అయితే పూలు ఎవురు కడతారు?" అంది.

మంగళవారం పొద్దున అమ్మను వెనకసీట్లో, పిండి కూర్చున్న చోటే, అవే తలగడల మధ్య కూర్చోబెట్టాం. చిన్న పూలకావడి అక్క ఒళ్ళో. నేను ముందు. అమ్మ గట్టిగా కళ్ళు మూసుకుని, సీటు అంచును పట్టుకుని, "మురుగా, మురుగా" అంటోంది. మొదటి మలుపు వచ్చింది. బావ నుదుట విభూతి చెమటకు కరిగి కారుతోంది. ఇంజన్ లాగుతోందని రోడ్డు కదలడాన్ని బట్టి తెలియాల్సిందే. వెనక హారన్లు మోగుతున్నాయి. నడిచిపోయే భక్తులు మమ్మల్ని దాటి పోతున్నారు. మలుపు తిరిగింది. ఇంకో మలుపూ తిరిగింది. మురుగన్ పేరు ఆగలేదు, కేక మాత్రం రాలేదు.

పైన బావ బండి ఆపాడు. అమ్మ ఇంకా కళ్ళు మూసుకునే ఉంది.

"ఏమప్పా, ఇంకా బయలుదేరలేదా?" అంది. "ఎండెక్కితే పూలు వాడిపోతాయి."

"వచ్చేసినాం అత్తా" అన్నాడు బావ. "కళ్ళు తెరిచి చూడు."

అమ్మ కళ్ళు తెరిచి గోపురాన్ని చూసింది. చాలాసేపు చూసింది. తర్వాత చెయ్యి చాచి, ముందుసీట్లోని అల్లుడి తలను నిమిరింది. అక్క మోచెయ్యి పట్టుకుంటే కావడి భుజాన పెట్టుకుని, అడుగులో అడుగు వేస్తూ తన మొక్కు తానే తీర్చుకుంది.

అంతే నెమ్మదిగా కొండ దిగాం. కింద చదును రోడ్డు మీదికి వచ్చామో లేదో, పాలక్యాన్ల టీవీఎస్ ఒకటి పక్కనుంచి దడదడమంటూ పోయింది. దాని మీది పెద్దాయన మా వైపు చూసి, అలవాటు ప్రకారం జాలిగా తలూపాడు.

"ఎలుమలై గదా అది?" అంది అమ్మ. "వాడు మనల్ని దాటి పోతాండాడే?"

"పోనీలే అత్తా."

"ఎందుకు పోనీ? ఈ బండికి ఏమేమో పెట్టించినావు గదా నాయనా, పుల్లింగ్ చాలదా?"

బావ అద్దంలో ఆమెను ఒకసారి చూశాడు. ముందు చాలా దూరం వరకూ రోడ్డు గుంత లేకుండా ఉందని రెండుసార్లు చూసుకున్నాడు. కాలు మెల్లగా ఆనించాడు. శబ్దం లేదు, కుదుపు లేదు. ముల్లు నలభై దాటడం నేను మొదటిసారి చూసింది అప్పుడే. అమ్మ మాత్రం ముల్లును చూడలేదు. కిటికీలోంచి చెయ్యి బయటపెట్టి, వెనకబడిపోతున్న ఎలుమలైకి ఊపుతూ ఉంది.