తగరపు దీవుల రాజు, మా ఆయన

మా ఆయన పేరు కునోవార్. తగరపు దీవులకు రాజు. ఆ దీవుల్లో తగరం లేదు, మా ఆయనకు రాజ్యం లేదు. అయినా దక్షిణాది సముద్రపు ఒడ్డున యవనుల పట్టణంలో ఎవడిదో మైనపు పలక మీద ఈ రెండూ ఉన్నట్టు రాసి ఉంది. రాసినవాడికి బుద్ధి లేదనుకుందాం. రాయించుకున్నవాడికి ఉండొద్దా?

రాజు కాకముందు ఆయన అందరిలాగే ఏట్లో నిలబడేవాడు. మాది ఏటి తగరం. మోకాళ్ల లోతు చల్లటి నీళ్లలో నిలబడి గులకరాళ్లను పారతో ఎగదోస్తుంటే తేలిక ఇసుక కొట్టుకుపోతుంది, బరువైన నల్లరాయి అడుగున మిగులుతుంది. దాన్ని బొగ్గుల్లో కరిగించి దిమ్మెలు పోస్తాం. మా రేవుకు ఎదురుగా ఒక తిప్ప ఉంది. పోటుకు దీవి, పాటుకు నేల. నీళ్లు వెనక్కి పోగానే దిమ్మెలను బళ్లమీద ఆ తిప్పకు తోలి దక్షిణాన గాదిర్ అనే రేవు నుంచి వచ్చే ఓడలవాళ్లకు ఇస్తాం, ఉప్పూ కుండలూ కంచు గిన్నెలూ తెచ్చుకుంటాం. ఓడలవాళ్లు తిప్ప దాటి ఇవతల అడుగు పెట్టకూడదు. అది మా తాతల నాటి కట్టుబాటు.

ఇందులో మా ఆయన పనెంతంటే, పక్కవాడు మూడు పారలు ఎత్తేలోపు ఈయన ఒకటి ఎత్తి నడుం పట్టుకునేవాడు. ఆయనకున్నదల్లా నిలువెత్తు ఒళ్లు, బొడ్డుదాకా గడ్డం. ఆ గడ్డానికి రోజూ పందికొవ్వు రాసి దువ్వుకునేవాడు. మింగ మెతుకు లేదు, మీసాలకు సంపెంగ నూనె అన్న సామెత ఈయన్ని చూసే పుట్టి ఉంటుంది. నేనూ నోరు కట్టుకునేదాన్ని కాదు. గట్టుమీద పదిమందిలో నిలబడి, "ఏవయ్యా, నడుం నొప్పి నీకా, పారకా?" అని అడిగేదాన్ని. అందరూ నవ్వేవాళ్లు. ఆయనా నవ్వేవాడు.

ఇలా ఇరవయ్యేళ్లు గడిచాక ఒక వేసవి మొదట్లో గాదిర్ ఓడ నాయకుడు గెర్సకోన్ తిప్పమీద మా ఊరి పెద్ద బ్రిగోమార్‌ను పక్కకు పిలిచాడు. బళ్లు తోలే ఆడవాళ్లలో నేనూ ఉన్నాను, అంతా విన్నాను.

"పెద్దాయనా, కొంప మునిగింది. యవనుడి ఓడ ఒకటి మా వెనకాల పడింది."

"పడితే తరిమెయ్యండి."

"ఒకణ్ణి తరిమితే ఇంకోడొస్తాడు. తగరం నడిసముద్రంలో పది దీవుల్లో దొరుకుతుందనీ, అక్కడి జనం కాళ్లదాకా నల్లంగీలు తొడుక్కుని, చేతికర్రలు పట్టుకుని తిరుగుతారనీ మీ రేవు జాడ తెలియకూడదని మా తాతలు వాళ్లకి చెప్పి పెట్టారు. వీడు అవి చూడందే కదలడు."

"మరి చూపించు."

"ఉంటేగా చూపించడానికి!"

బ్రిగోమార్ గడ్డం గోక్కున్నాడు. "పడమట ఆ బోడి దీవులున్నాయిగా. పక్షులు తప్ప పురుగు లేదక్కడ. మనోళ్లని నలుగుర్ని పంపితే సరి. నీ యవనుడు చూస్తాడు, ఇంతేనా అనుకుంటాడు, పోతాడు."

గెర్సకోన్ మొహం వెలిగింది. పది జాడీల ద్రాక్షసారా ఊరికి ఇస్తానన్నాడు. తాతలు ఆడిన అబద్ధానికి మనవలు పెళ్లి చేస్తున్నారన్నమాట. బ్రిగోమార్ చుట్టూ చూశాడు. ఆయన చూపు బండికి ఆనుకుని నిలబడ్డ మా ఆయన గడ్డం దగ్గర ఆగింది.

"కునోవారూ, ఇట్రా. ఇయ్యాల్టి నుంచి నువ్వు రాజువిరా."

అన్నదే చాలు, ఈయన భుజాలు వెనక్కి పోయాయి. ఆ తర్వాత అవి మళ్లీ ముందుకు రాలేదు.

ఆడవాళ్లు లేని దీవులంటే ఎవడు నమ్ముతాడని నన్నూ, ఇంకో రెండు జంటలనీ వెంట పంపారు. నల్లంగీలకు చెట్టుబెరడుతో రంగు వేసింది నేనే. పదిహేను రోజులు నా చేతులు బొగ్గుల్లో ముంచినట్టున్నాయి. తోలు పడవల్లో ఒక పగలంతా పోతే వస్తాయి ఆ దీవులు. వాటిలో ఏరు కాదుకదా, గట్టిగా వాన కురిస్తే పారే పాయ కూడా లేదు. అందుకని మా ఏటి నల్లరాయిని మేమే మూడు పడవల్లో మోసుకొచ్చి ఇసుకలో పోశాం, మళ్లీ మేమే ఏరుకోవడానికి. ఇంత తెలివైన పని మా వంశంలో ఎవరూ చేసి ఉండరు.

మా ఆయన మాత్రం లేచింది మొదలు కర్ర పట్టుకుని ఒడ్డున ఈ చివరి నుంచి ఆ చివరికి నడక నేర్చుకునేవాడు.

"ఏమే, రాజు నడకలా ఉందా?"

"కాలుగాలిన పిల్లిలా తిరక్క వచ్చి గుడ్లు ఏరు. రాజుకైనా తిండి కావాలి."

"నీకు ఏదీ కనిపించదే," అనేవాడు.

పదో రోజున వచ్చింది యవనుడి ఓడ. గెర్సకోన్ తప్పించుకోలేకపోయినట్టు నటించి వాణ్ణి సరిగ్గా ఇక్కడికే తెచ్చాడు. పేరు థియోక్లిస్. ఓడ కుదుపుకు కక్కి కక్కి తోటకూర కాడలా వాడిపోయి ఉన్నాడు. అయినా పలక వదల్లేదు. మేం ఊరి నుంచి తెచ్చుకున్న మేకలను చూసి ఎన్ని అని అడిగాడు, రాసుకున్నాడు. దేవుళ్లెంతమంది అని అడిగాడు, రాసుకున్నాడు. గెర్సకోన్ మధ్యన నిలబడి అటు మాట ఇటు, ఇటు మాట అటు చెబుతున్నాడు. రాజుగారి పేరడిగితే మా ఆయన గొంతు దింపి, "కునోవార్" అని మూడుసార్లు చెప్పాడు, తప్పు రాస్తాడేమోనని.

తర్వాత తగరం ఎలా తీస్తారో చూపించమన్నాడు. అక్కడ వచ్చింది తంటా.

మా ఏట్లో దిగే ప్రతివాడూ రోజులో మొదటి దోసెడు నల్లరాయిని ఏటికే వదిలేస్తాడు. అది ఏటి వాటా. ఎక్కడున్నా సరే, ఏరున్న దిక్కుకు తిరిగి, తల వంచి, ఎడమచేత్తో విసరాలి. పిల్లప్పుడే చేతికి అలవాటైపోతుంది, మెదడుతో పని లేదు. మెదడుతో పనిలేని పనులు మా ఆయన ఎప్పుడూ మరిచిపోడు. దోసెడు తీశాడు, అంగీ విదిల్చాడు, ఠీవిగా వెనక్కి తిరిగి తూర్పున సముద్రం అవతల ఉన్న మా ఊరివైపు తల వంచి విసిరాడు. మిగతా ఇద్దరు మగవాళ్లూ అంతే చేశారు. నా ఎడమచెయ్యి కూడా సగం లేచింది, ఎందుకు దాచాలి.

యవనుడు రాయడం ఆపాడు. "రాజా, అటువైపు ఏముంది?"

గెర్సకోన్ ఆ ప్రశ్నను మాకు చెబుతూ, ఊరి మాట ఎత్తొద్దన్నట్టు కళ్లెర్రజేశాడు.

"అటు సూర్యుడు లేస్తాడు," అన్నాడు మా ఆయన తొణక్కుండా. "లేవగానే దణ్ణం పెట్టుకుంటాం."

"ఇప్పుడు మిట్టమధ్యాహ్నం కదా?"

"రాజు మిట్టమధ్యాహ్నమే లేస్తాడు."

ఇరవయ్యేళ్లలో ఆయన ఆడిన ఒకే ఒక్క నిజం అది. యవనుడు పడీపడీ నవ్వాడు. కానీ వెళ్లేటప్పుడు తూర్పుకేసి చాలాసేపు చూశాడు. "వచ్చే వేసవికి మళ్లీ వస్తాను," అన్నాడు. "ఈ రాజు ఇక్కడే ఉంటే తగరం ఇక్కడిదేనని నమ్ముతాను. లేకపోతే ఆ సూర్యుడు లేచే చోటికి పోయి చూస్తాను." తర్వాత మా ఆయన చెయ్యి పట్టుకుని, గెర్సకోన్ చెప్పేదాకా ఆగి, "నిన్ను చూడ్డానికి వస్తాను," అన్నాడు.

ఊరికి వణుకు పట్టింది. యవనుడు మా ఏరు చూస్తే, వాడి వెనక ఊరూరి ఓడలూ వస్తాయి, ఏరు మాది కాకుండా పోతుంది. "ఒక్క చలికాలమే కదరా," అని బ్రిగోమార్ బతిమాలబోయాడు. బతిమాలే అవసరమే రాలేదు. ఈయన అప్పటికే దీవిమీద గుడిసెకు రాళ్లు పేర్చుకుంటున్నాడు.

"మనకెందుకయ్యా ఈ చలిలో?" అన్నాను.

"మాటిచ్చాడు కదే. నా పేరు రాసుకున్నాడు కూడా."

"మేకలెన్నో కూడా రాసుకున్నాడు. అవేమన్నా గడ్డాలు దువ్వుకుంటున్నాయా?"

నెలరోజులు ఉన్నాను. గాలికి గుడిసె కప్పు రెండుసార్లు లేచిపోయింది. ఎండుచేప తప్ప తిండి లేదు. నాకు రాణిరికం వద్దని చెప్పి పడవెక్కి వచ్చేశాను.

మరుసటి వేసవికి యవనుడు రాలేదు. ఆ పై వేసవికీ రాలేదు. మిగతా రెండు జంటలూ చెప్పాపెట్టకుండా ఊరికి తిరిగొచ్చేశాయి. ఏడాదికోసారి పడవలో బార్లీ పంపుతుంటే ఈయన ఒక్కడే తింటూ ఉండిపోయాడు. నాలుగో ఏడు తిప్పమీద గాదిర్ నావికుడు ఒకడు అసలు సంగతి చెప్పాడు. థియోక్లిస్ వాళ్లూరికి పోయి తగరపు దీవులు కళ్లారా చూశానంటే అందరూ నవ్వారట. సముద్రమంటేనే కడుపులో తిప్పుతుందని ఇప్పుడు వీధిలో నూనె అమ్ముకుంటున్నాడట. ఇంత గొప్పవాడికోసమా మా ఊరు నాలుగేళ్లు గడగడలాడింది!

"ఇంక రాజు అక్కర్లేదమ్మా, పోయి మీ ఆయన్ని తెచ్చుకో," అన్నాడు బ్రిగోమార్. వెళ్లాను.

నల్లంగీ చీలికలైపోయింది, చిక్కి సగమయ్యాడు, అయినా కర్ర పట్టుకుని ఒడ్డున నిటారుగా నిలబడి ఉన్నాడు. యవనుడి సంగతంతా చెప్పాను, నూనెతో సహా. నవ్వుతాడనుకున్నాను.

"అయితే ఇంక రాడన్నమాట," అన్నాడు.

"రాడు. ఎన్నాళ్లీ వేషం? పద ఇంటికి."

"నువ్వెళ్లు."

"పిచ్చా నీకు? ఇక్కడ నీకెవరున్నారు? ఊళ్లో ఏరుంది, ఇల్లుంది, నేనున్నాను. వాడు రాలేదు. నేను వచ్చానా లేదా?"

ఆయన కోప్పడలేదు. కోప్పడితే బాగుండేది.

"వచ్చావే. నువ్వు నన్ను తీసుకుపోడానికి వచ్చావు. అతను నన్ను చూడ్డానికి వస్తానన్నాడు."

నా దగ్గర మాటలకు ఏనాడూ కరువు లేదు. ఆయన్ని అనడానికైతే అసలే లేదు. నేనూ నిన్ను చూడ్డానికే వచ్చానయ్యా అంటే చాలు, వచ్చేసేవాడే. ఆ సంగతి నాకు తెలుసు. కానీ అది నిజం కాదు. బ్రిగోమార్ పొమ్మన్నాడు కాబట్టి వచ్చాను. అబద్ధాల మీద బతికే ఊళ్లో పుట్టి పెరిగి, ఆ ఒక్క అబద్ధం ఆడటానికి నాకు నోరు రాలేదు. బార్లీ మూట ఒడ్డున దించి పడవెక్కాను.