జపాన్ దర్శకుడు అడిగిన ఒక్క నిమిషం

ఎమ్మెస్ చదివే రోజుల్లో, షికాగో బస్ స్టేషన్‌లో డెట్రాయిట్ బస్ మళ్ళీ లేటన్నారు. రూమ్మేట్‌కి ఫోన్ చేసి, “అరేయ్, ఇంక ఈ బస్ వచ్చేలా లేదురా!” అని అరుస్తున్నాను. పక్క కుర్చీలో హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, మైకు పట్టుకున్న జపాన్ పెద్దాయన ఇంగ్లీషులో, “ప్లీజ్, ఒక్క నిమిషం మాట్లాడొద్దు” అన్నాడు.

నాకు ఒళ్ళు మండింది. “ఏం రికార్డ్ చేస్తున్నారు?” అన్నాను.

“ఈ హాలు నిశ్శబ్దం. సినిమాలో మాటల మధ్య పెట్టాలి. టోక్యో నిశ్శబ్దం పెడితే అబద్ధమని తెలిసిపోతుంది.”

ఆయన దర్శకుడట. దయ్యాల సినిమా తీశాడు, పిల్లల సినిమా తీశాడు, ఇప్పుడు బస్సుల కోసం ఎదురుచూసేవాళ్ళ మీద తీస్తున్నాడు. నిర్మాత ఎవరూ లేరు కాబట్టి రాయడం, తియ్యడం, ఎడిటింగ్, సంగీతం అన్నీ తనే. ఈయనకి నేనే దొరికానా అనుకుంటూ ఫోన్ పెట్టేశాను.

ఆయన మళ్ళీ రికార్డింగ్ మొదలుపెట్టి, వెంటనే ఆపేశాడు.

“ఇప్పుడు నేనేం మాట్లాడానండీ?” అన్నాను.

హెడ్‌ఫోన్స్ తీసి నా చెవులకు పెట్టాడు. కుర్చీ కిర్రుకిర్రుమంటోంది. ఊగుతున్నది నా కాలే. చిన్నప్పుడు అమ్మ ఎంత తిట్టినా ఆగని కాలు.

ఆయన నా మోకాలి మీద చెయ్యి వేశాడు. నిమిషం అయ్యేదాకా తియ్యలేదు. కూల్‌డ్రింకుల మెషీన్ హోరు, దూరంగా ఎవరిదో దగ్గు వినిపించాయి.

“అబ్బా, ఆ కాలు ఊపడం ఆపండీ!” అని మా ఆవిడ ఇప్పటికీ రోజూ విసుక్కుంటుంది. ఆ సినిమా ఎంత వెతికినా దొరకలేదు. దొరికితే ఆవిడకి వినిపించాలి, నేను కదలకుండా కూర్చున్న ఆ ఒక్క నిమిషం.